మంచు చెరువులు: నోర్ఫెల్ గోడలు, వాంగ్‌చుక్ స్తూపం, పోరుమామిళ్ల శాసనం

టెస్ట్ సిరీస్‌లో నీటి కొరత మీదో, వాతావరణ మార్పు మీదో ప్రశ్న వస్తే చివరి పేరాలో మనలో చాలామంది రాసే వాక్యం ఒకటుంది: "లద్దాఖ్‌లోని ఐస్ స్తూపాల వంటి వినూత్న పరిష్కారాలను ప్రోత్సహించాలి." అక్కడికి జవాబు అయిపోతుంది. అది ఏ నెలలో నీళ్లిస్తుంది, ఎంత భూమి తడుపుతుంది, మొదట ఎవరు కట్టారు, దాని మీద ఊళ్ల మధ్య గొడవ ఎందుకొచ్చింది అన్నవేవీ ఆ వాక్యంలో ఉండవు. పేపర్లు దిద్దేవాళ్లు ఆ వాక్యాన్ని ఎన్నిసార్లు చదివి ఉంటారో!

జీఎస్-1లో జలవనరులు, మంచు ప్రాంతాల మార్పులు ఉన్నాయి. జీఎస్-3లో నీటిపారుదల, నీటి నిల్వ ఉన్నాయి. రెండింటికీ పనికొచ్చేలా ఈ విషయాన్ని చరిత్రగా చూద్దాం. నా వాదన ముందే చెప్పేస్తాను. తెలుగులో గ్లేసియర్‌ని హిమానీనదం అంటాం. ఆ మాటలోనే నది ఉంది. తన బరువుకు తానే మెల్లగా కిందికి కదిలే మంచు అది. లద్దాఖ్‌లో మనుషులు కట్టినది కదలదు. చలికాలంలో నిండుతుంది, వేసవి మొదట్లో ఖాళీ అవుతుంది, మళ్లీ మరుసటి చలికాలంలో నిండుతుంది. ఆ పని చేసేదాన్ని మనవాళ్లు ఎప్పటినుంచో చెరువు అంటున్నారు. "కృత్రిమ హిమానీనదం" అనే పేరు పక్కన పెట్టి "మంచు చెరువు" అని పిలిస్తే, చెరువుల విషయంలో తెలుగు నేల వందల ఏళ్లుగా వేసుకున్న ప్రశ్నలన్నీ దీనికీ వేయవచ్చు.

ఏప్రిల్, మే నెలల కరువు

జంషెడ్‌పూర్‌లో ఏటా 1,200 మిల్లీమీటర్లకు పైగా వాన పడుతుంది. లేహ్‌లో పడేది, మంచుతో కలిపి, సుమారు 100 మిల్లీమీటర్లు. పోలికే లేదు అనిపిస్తుంది. కానీ రెండు చోట్లా నీళ్లకు ఇబ్బంది పడే నెలలు మాత్రం దాదాపు ఒకటే, ఏప్రిల్, మే. ఇక్కడ వాన జూన్ నుంచి సెప్టెంబరు లోపల కురిసి, ఛోటానాగ్‌పూర్ పీఠభూమి వాలు మీద నిలవకుండా ఖర్కాయిలోకి, సువర్ణరేఖలోకి దిగిపోతుంది. వేసవికి వాగులు ఎండిపోతాయి. అక్కడ నీళ్లు ఉన్నాయి, కానీ పైన గడ్డకట్టి ఉన్నాయి.

లద్దాఖ్ ఊళ్లు ఎక్కువగా 3,000 నుంచి 4,000 మీటర్ల ఎత్తులో, వాగుల పక్కన ఉంటాయి. హిమానీనదాలు 5,000 మీటర్ల పైన ఉంటాయి. అంత ఎత్తులో మంచు బాగా కరగడం జూన్‌లో గానీ మొదలవదు. బార్లీ విత్తాల్సింది మాత్రం ఏప్రిల్, మే నెలల్లో. ఆలస్యంగా విత్తితే సెప్టెంబరు చలి వచ్చేలోపు పంట చేతికి రాదు. ఏడాదికి ఒక్కటే పంట కాబట్టి ఆ ఆరేడు వారాల లోటు అంటే ఏడాది లోటు. ఇంకో వింత, ఆ వాగులు నవంబరు నుంచి మార్చి దాకా కూడా సన్నగా పారుతూనే ఉంటాయి. పొలాలు గడ్డకట్టి ఉంటాయి కాబట్టి ఆ నీటితో ఊరివాళ్లకు పని లేదు. అది సింధులో కలిసిపోతుంది.

అంటే మొత్తం నీరు తక్కువే అయినా, అసలు సమస్య నీరు వచ్చే కాలానికీ కావలసిన కాలానికీ పొంతన లేకపోవడం. దీనికి ప్రపంచంలో ఎక్కడైనా ఒకటే మందు, నిల్వ. దక్షిణ బిహార్ వాళ్లు ఆహర్-పైన్ కట్టారు. కాకతీయులు గొలుసు చెరువులు కట్టారు. జంషెడ్‌పూర్‌కు దల్మా కొండల పాదంలో డిమ్నా జలాశయాన్ని 1940లలో అప్పటి టిస్కో, అంటే నేటి టాటా స్టీల్, కట్టించింది. లద్దాఖ్ వాళ్లకూ "జింగ్" అనే చిన్న చెరువులు పాత కాలం నుంచీ ఉన్నాయి. రాత్రంతా వాగు నీటిని జింగ్‌లో నింపి, పగలు పొలాలకు వదులుతారు. ఒక రాత్రి నీటిని మరుసటి పగటికి జరపడానికి జింగ్ చాలు. డిసెంబరు నీటిని మే నెలకు జరపాలంటే చాలదు.

కుళాయి కింద దొరికిన ఆలోచన

చెవాంగ్ నోర్ఫెల్ లేహ్‌కు చెందినవాడు. సివిల్ ఇంజినీరింగ్‌లో డిప్లొమా చేసి, 1960లో జమ్మూ కశ్మీర్ ప్రభుత్వ గ్రామీణాభివృద్ధి శాఖలో చేరాడు. మూడు దశాబ్దాలకు పైగా రోడ్లు, కల్వర్టులు, కాలువలు కట్టించిన ఫీల్డ్ ఇంజినీరు. ఏ ఊరికి వెళ్లినా ఆయన విన్న ఫిర్యాదు ఒక్కటే, విత్తనాల వేళకు నీళ్లు లేవని.

చలికాలంలో లద్దాఖ్‌లో కుళాయిలు పూర్తిగా కట్టేయరు. కడితే గొట్టంలో నీరు గడ్డకట్టి గొట్టం పగులుతుంది. అలా వదిలేసిన ఒక కుళాయి నుంచి నీరు వృథాగా పోతుండడం నోర్ఫెల్ చూశాడు. వేగంగా పారిన చోట ఆ నీరు నీరుగానే ఉంది. చెట్ల నీడలో నెమ్మదించిన చోట మందంగా మంచు కట్టింది. నెమ్మది, నీడ, పలుచదనం. ఈ మూడూ కలిస్తే మంచు వస్తుంది. ఇది అక్కడ పుట్టి పెరిగిన ప్రతి మనిషీ చూసే దృశ్యమే. ఆయన దాన్ని డిజైన్‌గా మార్చాడు.

1987లో ఫుక్త్సే ఊరి పైన మొదటి నిర్మాణం వచ్చింది. పద్ధతి ఇది. వాగు నీటిని పక్కకు మళ్లించి, తక్కువ వాలుతో కొండ పక్కగా కాలువలో నడిపించి, ఎండ తగలని ఉత్తరపు వాలుకు చేర్చాలి. అక్కడ లోయకు అడ్డంగా వరుసగా పొట్టి రాతి గోడలు ఉంటాయి. నీరు ఒక్కో గోడ దగ్గర ఆగి, పలచగా పరుచుకుని, గడ్డకట్టి, దాని మీద మరో పొర కడుతుంది. మార్చి వచ్చేసరికి మెట్లు మెట్లుగా మంచు పలకలు తయారవుతాయి. వీటిని అసలు హిమానీనదం కంటే బాగా కిందన, ఊరికి పైన కడతారు. కింద ఉండడం వల్ల ఇవి ముందే, ఏప్రిల్‌లోనే, కరుగుతాయి. ఊరికి కావలసిన తేదీని బట్టి ఎత్తును ఎంచుకోవడం ఇందులోని అసలు తెలివి. ఎక్కువ మంచు కట్టాలని మరీ పైకి పోతే అది కూడా జూన్‌లోనే కరుగుతుంది, కట్టిన ప్రయోజనం పోతుంది.

సిమెంటు దాదాపు లేదు. రాయి, తీగ వల, స్థానిక కూలీ, అంతే. 1990ల మధ్యలో రిటైరయ్యాక ఆయన లేహ్ న్యూట్రిషన్ ప్రాజెక్ట్ అనే స్వచ్ఛంద సంస్థతో కలిసి ఈ పని కొనసాగించి, పదికి పైగా ఊళ్లలో ఇలాంటివి కట్టించాడు. నాంగ్, ఇగూ, స్టక్మో, సబూ, ఉమ్లా ఆ జాబితాలో ఉన్నాయి. నిధులు ఎక్కువగా వాటర్‌షెడ్ పథకాల నుంచి వచ్చాయి. 2015లో పద్మశ్రీ వచ్చింది. "ఐస్ మ్యాన్" అన్న పేరు అంతకుముందే వచ్చింది.

మంచును "నాటడం" ఆ ప్రాంతంలో పూర్తిగా కొత్త ఊహ కాదు. పక్కనున్న బాల్టిస్తాన్‌లో ఆడ హిమానీనదం, మగ హిమానీనదం అని రెండు రకాలుంటాయని నమ్మి, రెండింటి ముక్కలనూ మోసుకెళ్లి, నీడ ఉన్న ఎత్తైన చోట బొగ్గు, పొట్టుతో కప్పిపెట్టే ఆచారం ఉంది. అది ఎంతవరకు పనిచేస్తుందన్నది శాస్త్రీయంగా తేలిన విషయం కాదు. నోర్ఫెల్ పద్ధతిని దాని కొనసాగింపుగా కొన్ని నోట్సుల్లో రాస్తున్నారు. నాకది సరిగా తోచదు. ఈయనది గొట్టం, వాలు, నీడ లెక్కలతో పుట్టిన ప్రభుత్వ ఇంజినీరు పని. ఆ గౌరవం దానికే ఇవ్వాలి.

నిలబెట్టిన మంచు

సోనమ్ వాంగ్‌చుక్ గురించి కొత్తగా పరిచయం అక్కర్లేదు. "త్రీ ఇడియట్స్" పుణ్యమా అని ఇంజినీరింగ్ చదివిన ప్రతివాడికీ తెలుసు. శ్రీనగర్‌లో మెకానికల్ ఇంజినీరింగ్ చదివి, 1988లో సెక్‌మోల్ అనే విద్యా సంస్థను మొదలుపెట్టినవారిలో ఒకడు. నోర్ఫెల్ పద్ధతిలో రెండు ఇబ్బందులున్నాయి. నీడ ఉన్న లోయ కావాలి, ఎత్తైన చోటు కావాలి. అన్ని ఊళ్లకూ అవి ఉండవు. ఉన్నా, గడ్డకట్టే చలిలో అంత పైకి వెళ్లి కాలువను చూసుకునేదెవరు?

వాంగ్‌చుక్ దీన్ని జ్యామితితో పరిష్కరించాడు. ఎగువ వాగు నుంచి భూమిలో పాతిన గొట్టంలో నీరు తెస్తే, పంపు లేకుండానే ఎత్తు తేడా వల్ల కింద ఫౌంటెన్‌లా పైకి చిమ్ముతుంది. చలికాలపు రాత్రి గాలిలో ఆ తుంపరలు పడుతూ గడ్డకట్టి శంకువులా పేరుకుంటాయి. లద్దాఖ్‌లో ప్రతి ఊళ్లోనూ కనిపించే బౌద్ధ స్తూపం ఆకారం కాబట్టి ఐస్ స్తూపం అన్నారు. 2013-14 చలికాలంలో ఫే దగ్గర సెక్‌మోల్ విద్యార్థులతో కట్టిన నమూనా ఆరేడు మీటర్ల ఎత్తుతో మే నెల దాకా నిలిచింది. మరుసటి ఏడాది ఫ్యాంగ్‌లో, ప్రజల నుంచి ఇంటర్నెట్ ద్వారా విరాళాలు సేకరించి, రెండు కిలోమీటర్లకు పైగా గొట్టం వేసి పెద్దది కట్టారు. 2016లో రోలెక్స్ అవార్డు, 2018లో మెగసెసె వచ్చాయి.

శంకువే ఎందుకు? ఇక్కడ చిన్న లెక్క వేద్దాం, ఇంజినీరింగ్ చదివి ఈ పరీక్షల వైపు వచ్చినందుకు ఎక్కడో ఒకచోట పనికిరావాలి కదా. 20 మీటర్ల ఎత్తు, 10 మీటర్ల వ్యాసార్థం ఉన్న శంకువు ఘనపరిమాణం సుమారు 2,094 ఘనపు మీటర్లు. అంతే మంచును ఒక మీటరు మందాన నేల మీద పరిస్తే 2,094 చదరపు మీటర్ల ఉపరితలం ఎండకూ గాలికీ తగులుతుంది. శంకువుగా నిలబెడితే పక్క తలమంతా కలిపి సుమారు 702 చదరపు మీటర్లే. మూడో వంతు. అందుకే నీడ లేకపోయినా, ఊరి పక్కనే ఉన్నా, అది మేలోకి నిలుస్తుంది.

ఇక గడ్డకట్టే వైపు. కిలో నీరు మంచు కావాలంటే 334 కిలోజౌళ్ల వేడి దానిలోంచి బయటికి పోవాలి. సున్నా డిగ్రీల నీటిని 80 డిగ్రీల దాకా వేడి చేయడానికి పట్టేంత వేడి అది. అంత వేడినీ చుట్టూ ఉన్న చల్లగాలే మోసుకుపోవాలి. లోతుగా నిలిచిన నీటిలో పైపొర గడ్డకట్టి మూతలా అడ్డుపడుతుంది, కింద నీరు నీరుగానే ఉంటుంది. అందుకే నోర్ఫెల్ పలుచని పొరలు పరిచాడు, వాంగ్‌చుక్ తుంపరలు చిమ్మాడు. చిమ్మిన నీరంతా మంచు కాదు. చాలా భాగం అలాగే జారిపోతుంది.

ఇప్పుడు మన జవాబుల్లో ఎప్పుడూ రాయని లెక్క. ఆ 2,094 ఘనపు మీటర్ల మంచు కరిగితే సుమారు 19 లక్షల లీటర్ల నీరు. అంకె పెద్దగా ఉంది. దాన్ని ఒక హెక్టారులో సమంగా పరిస్తే 19 సెంటీమీటర్ల లోతు. ఒక్కో తడికి 6 సెంటీమీటర్లు అనుకుంటే, దారిలో ఏమీ ఇంకిపోకపోయినా, ఒక హెక్టారుకు మూడు తడులు. అంటే ఆరంతస్తుల మేడంత ఎత్తున్న మంచు కొండ రెండున్నర ఎకరాలను జూన్ దాకా ఆదుకుంటుంది. ఇది తక్కువ అని చెప్పడం లేదు. చిన్న కమతాల లద్దాఖ్ ఊళ్లో, ఆ మూడు తడులే పంటకూ బీడుకూ మధ్య తేడా. కానీ "హిమాలయ జల సంక్షోభానికి పరిష్కారం" అని రాసేటప్పుడు ఈ హెక్టారు గుర్తుండాలి.

పోరుమామిళ్ల ఆరు దోషాలు

కడప జిల్లా పోరుమామిళ్లలో క్రీ.శ. 1369 నాటి సంస్కృత శాసనం ఉంది. విజయనగర రాజు మొదటి బుక్కరాయల కొడుకు భాస్కరుడు, భవదూరుడు అని కూడా అంటారు, ఉదయగిరి ప్రాంతాన్ని పాలిస్తూ అక్కడ అనంతరాజసాగరం అనే చెరువు తవ్వించాడు. రోజుకు వెయ్యి మంది కూలీలు, వంద బండ్లు, రెండేళ్ల పని అని శాసనం చెబుతుంది. హిస్టరీ ఆప్షనల్ వాళ్లు దీన్ని విజయనగర నీటిపారుదల కింద ఒక లైనులో చదివి వదిలేస్తారు. అంతకంటే విలువైనది. మంచి చెరువుకు పన్నెండు అంగాలు, చెడగొట్టే దోషాలు ఆరు అని అందులో జాబితా ఉంది. ఒక ఇంజినీరింగ్ మాన్యువల్‌ను రాతి మీద చెక్కినట్టు ఉంటుంది.

అంగాల్లో ధర్మం తెలిసిన ధనవంతుడైన రాజు ఉన్నాడు, అంటే నిధులు. నీటి శాస్త్రం తెలిసిన పండితుడు ఉన్నాడు, అంటే డిజైన్. గట్టి నేల, తీపి నీటి నది, రెండు కొండల మధ్య పొడవు మరీ ఎక్కువ కాని రాతి కట్ట, లోతైన విశాలమైన గర్భం, దగ్గరలో రాతి గని, దిగువన సారవంతమైన చదును పొలాలు, పని తెలిసిన మనుషుల బృందం. దోషాలు ఇవి: కట్టలోంచి నీరు ఊరడం, చవుడు నేల, రెండు రాజ్యాల సరిహద్దులో ఉండడం, గర్భం మధ్య తాబేటి వీపులా మిట్ట ఉండడం, నీరు కొంచెమై పొలం ఎక్కువ కావడం, పొలం కొంచెమై నీరు ఎక్కువ కావడం.

ఇందులో మూడోది చూడండి. మిగతా అయిదూ మట్టికీ నీటికీ కొలతకూ సంబంధించినవి. ఇది మాత్రం మనుషులకు సంబంధించింది. ఎగువ వాడు ఆపితే దిగువ వాడికి రాదు. ఇద్దరికీ తీర్పు చెప్పే అధికారం ఒకటి లేకపోతే కట్ట ఎంత గట్టిదైనా చెరువు నిలవదు. పద్నాలుగో శతాబ్దంలోనే దీన్ని నేల స్వభావంతో సమానంగా ఇంజినీరింగ్ దోషంగా లెక్కించారు.

ఫ్యాంగ్‌లో జరిగింది సరిగ్గా ఇదే. పెద్ద స్తూపం కట్టింది బీడు భూమిని పచ్చగా చేయడానికి. దాని నీటితో అక్కడ 5,000 మొక్కలు, పోప్లార్, విల్లో, నాటారు. చలికాలపు నీరు ఎవరికీ అక్కర్లేని నీరు అన్నది ఆ ప్రాజెక్టుకు పునాది. దిగువనున్న ఫే ఊరివాళ్లు ఒప్పుకోలేదు. పైన నీరు మళ్లిస్తే తమ ఊటలకు వచ్చే నీరు తగ్గుతుందని వాళ్ల అభ్యంతరం. విషయం జిల్లా యంత్రాంగం దాకా వెళ్లింది. ఎవరిది న్యాయమన్నది నేను తేల్చగలిగింది కాదు. కానీ "వృథాగా పోతున్న నీరు" అనే మాటను మనం ఎంత తేలిగ్గా వాడతామో ఇక్కడ అర్థమవుతుంది. చలికాలంలో వాగులో పారే నీరు కొంత భూమిలోకి ఇంకి, ఎక్కడో ఊటగా తేలుతుంది. ఒక ఊరికి వృథా అయినది ఇంకో ఊరికి బావి. గోదావరి నీరు సముద్రంలో కలిసి వృథా అవుతోందని రాసే జవాబులకూ ఇదే ప్రశ్న వర్తిస్తుంది.

కాకతీయుల గొలుసు చెరువుల్లో దీనికి ఒక జవాబు నేల మీదే గీసి ఉంది. ఎగువ చెరువు నిండి అలుగు పారితే ఆ నీరు దిగువ చెరువులోకి చేరుతుంది, కాబట్టి దిగువవాడి వాటా డిజైన్‌లోనే భాగం. డిమ్నాలో ఆ ప్రశ్న ఇంకో రూపంలో ఉంది. అక్కడ నిల్వ చేసిన కొండ నీరు పట్టణానికీ కర్మాగారానికీ వస్తుంది, జలాశయం కోసం భూములు పోగొట్టుకున్న ఆదివాసీ గ్రామాల వాళ్లు తమ వాటా ఏదని అడుగుతూనే ఉన్నారు. కట్టిన పద్ధతి ఏదైనా, రాయి అయినా మంచు అయినా, నీరు ఏ వైపు వెళ్తుందన్నది వేరే నిర్ణయం.

వాతావరణ మార్పుకు ఇది జవాబేనా?

నా దృష్టిలో కొంతవరకే. కారణం సులువు. మంచు చెరువు నిండాలంటే రెండు కావాలి, చలికాలంలో పారే వాగు, గడ్డకట్టించే చలి. వాగుకు నీరిచ్చేది పైనున్న మంచే, హిమానీనదాలే. అవి తగ్గుతూ పోతే వాగు తగ్గుతుంది. చలి తగ్గితే నీరు గడ్డకట్టదు. అంటే ఏ జబ్బుకు మందుగా చూపిస్తున్నామో ఆ జబ్బు ముదిరితే మందే పనిచేయదు. ఐదో దోషం, నీరు కొంచెం పొలం ఎక్కువ, ఇక్కడ కాలంతో పాటు పెరుగుతుంది. దానికి తోడు 1974లో లద్దాఖ్‌ను పర్యాటకులకు తెరిచినప్పటి నుంచి లేహ్‌లో హోటళ్లు, బోర్లు పెరిగాయి. బార్లీ పక్కన బంగాళదుంప, బఠాణీ వచ్చాయి. వాడకం పెరిగిన కరువును మంచు కరిగిన కరువుగా మాత్రమే రాయడం సగం నిజం.

హైడెల్‌బర్గ్ విశ్వవిద్యాలయానికి చెందిన మార్కుస్ న్యూస్సర్ బృందం లద్దాఖ్‌లోని ఈ నిర్మాణాలను పరిశీలించి 2019లో ప్రచురించిన అధ్యయనం దాదాపు ఇదే చెప్పింది. వాతావరణం ఏడాదికో రకంగా ఉండడం, వరదల వంటి ప్రమాదాలు, ఊరి సామాజిక ఏర్పాట్లతో సరిగా కలవకపోవడం వల్ల వీటి ఉపయోగం పరిమితమని వాళ్ల అంచనా. "కృత్రిమ హిమానీనదం" కంటే "మంచు జలాశయం" అన్న పేరే సరైనదని కూడా వాళ్లు భావించారు. వరదల మాట ఊరికే అన్నది కాదు. 2010 ఆగస్టు 5 అర్ధరాత్రి దాటాక లేహ్ మీద విరుచుకుపడ్డ కుంభవృష్టి 200 మందికి పైగా ప్రాణాలు తీసింది. వాగు గర్భంలో కట్టిన రాతి గోడలు అలాంటి వరద ముందు నిలవవు.

ఈ ఆలోచన స్విట్జర్లాండ్, చిలీ, కిర్గిజ్‌స్తాన్‌లకూ వెళ్లింది. పరీక్షలో ఒక లైనుకు పనికొస్తుంది, అంతకంటే ఇక్కడ అవసరం లేదు.

ఎవరు చూసుకుంటారు

నన్ను అడిగితే మెయిన్స్ జవాబులో ఖర్చు పెట్టాల్సిన వాక్యాలు ఇక్కడివి. స్తూపం గొట్టంలో నీరు ఒక్క రాత్రి ఆగితే లోపలే గడ్డకట్టి మొత్తం పని ఆగిపోతుంది. నోర్ఫెల్ కాలువల్లో నీరు ఒకే చోట పేరుకుపోకుండా దారి మారుస్తుండాలి. ఇదంతా డిసెంబరు, జనవరి నెలల్లో, ఊళ్లో మనుషులు తక్కువగా ఉండే కాలంలో. చదువులకో పనులకో కుర్రవాళ్లు లేహ్‌కో, జమ్మూకో, చండీగఢ్‌కో వెళ్లిపోతారు. పథకం నిధులు కట్టడానికి వస్తాయి. ఏటా చలిలో పైకి వెళ్లేవాడికి రావు.

మన దగ్గర ఈ ప్రశ్నకు పాత జవాబు దశబంధం. చెరువు కట్టినవాడికి, బాగు చేసేవాడికి దాని కింద భూమిలో ఒక వాటా ఇచ్చేవారు. చెరువు పాడైతే అతని పంటే పోతుంది కాబట్టి కట్ట మీద అతని కన్ను ఉంటుంది. తూము తెరిచి వంతు ప్రకారం నీరు పంచే నీరుగంటికి, తెలంగాణలో నీరటికి, పంటలో మేర ఉండేది. ఆ ఏర్పాటు కులం ప్రకారం, పెత్తనం ప్రకారం నడిచింది. దాన్ని స్వర్ణయుగంలా రాయనక్కర్లేదు. కానీ బ్రిటిష్ కాలంలో మద్రాసు ప్రెసిడెన్సీలో 1858లో ఇనాం కమిషన్ వేసి ఇనాం భూములన్నిటినీ తిరగతోడారు. అదే ఏడాది ఊరివాళ్ల చేత చెరువు పనులు చేయించడానికి నిర్బంధ శ్రమ చట్టం కూడా తెచ్చారు. ఒక పక్క చూసుకునేవాడి హక్కును కదిపి, ఇంకో పక్క చూసుకోకపోతే శిక్ష అన్నారు. ఆ తర్వాత పూడిన చెరువుల కథ తెలంగాణలో మిషన్ కాకతీయ దాకా సాగింది. 2015లో మొదలైన ఆ పథకం లక్ష్యం 46,531 చెరువులు. పూడిక తీయడం జరిగింది. నీరటి మాత్రం తిరిగి రాలేదు.

లద్దాఖ్‌లో ఆ మనిషి ఇంకా ఉన్నాడు. పేరు చుర్పోన్. ఊరు ఎంచుకునే నీటి పెద్ద, చాలాచోట్ల ఇంటింటికీ వంతుల వారీగా వచ్చే పదవి. వసంతంలో ఏ పొలానికి ముందు, ఎన్ని గంటలు అన్నది అతని మాట. నోర్ఫెల్ గోడల వెనుక మంచు అయినా, వాంగ్‌చుక్ స్తూపం అయినా, కరిగిన నీరు చేరేది ఊరి జింగ్‌లోకే. పొద్దున్నే వెళ్లి దాని మూత తీసేది చుర్పోనే.